రెండో బొండం

మాధవీలతకు ఒక గర్వం ఉంది. తన డాక్యుమెంటరీల్లో ఎవరినీ ఏమీ చెయ్యమనదు. జరిగేది జరుగుతుంటే పక్కన నిలబడి తీస్తుంది, అంతే. హైదరాబాదులో సినిమా నేర్చుకునే పిల్లలకు ఈ ముక్కే గొప్పగా చెబుతుంది కూడా.

అక్కుపల్లి దగ్గర కొబ్బరి రైతు పైడిరాజు ఇంటికి సినిమా తీయడానికి వేసవి నుంచీ వస్తూ పోతూ ఉంది. ఆయనకు కిడ్నీలు పోయాయి. పలాస వెళ్ళి డయాలసిస్ చేయించుకుంటూ ఉంటేనే మనిషి నిలుస్తాడు. తాగే నీళ్ళు కూడా భార్య జగదాంబ కొలిచి ఇస్తుంది.

ఆ ఉదయం జగదాంబ జీడిపిక్కల పనికి వెళ్ళింది. తోటలో పైడిరాజు ఒక బొండం కొట్టి, మాధవీలతకు ఇవ్వబోతూ, ఆగలేక ఒక్క గుక్క తాగాడు. కళ్ళు మూతలు పడ్డాయి. ఎన్నాళ్ళ దాహమో ఆ ముఖంలో కనిపించింది. ఆమె కెమెరా తిప్పేసరికి అయిపోయింది.

"పైడిరాజు గారూ, ఇంకోటి కొట్టి తాగుతారా? ఈసారి మొత్తం, నెమ్మదిగా."

ఆయన దారివైపు చూశాడు. "మా ఆడది సూత్తే సంపేత్తాది" అని నవ్వాడు. ఆమె కూడా నవ్వింది.

"మా కోసం ఇంత దూరం వొచ్చినావు. నోరిడిసి అడిగితే లేదంతానేటమ్మా" అంటూ రెండో బొండం ఎత్తి చివరి చుక్కదాకా తాగేశాడు. షాట్ అద్భుతంగా వచ్చింది. ఆమె సంతోషంతో కూనిరాగం తీసింది, సిగ్గులేకుండా.

మధ్యాహ్నానికి పైడిరాజు కాళ్ళు చచ్చుబడ్డాయి. మాట తడబడింది. జగదాంబ పరుగున వచ్చింది. ఆటోలో పలాస తీసుకెళ్ళారు, మాధవీలత కూడా వెంట వెళ్ళింది.

"పొటాషియం పెరిగిపోయింది. గుండె ఆగిపోయేది" అన్నాడు డాక్టరు. "కొబ్బరినీళ్ళు తాగించావా?"

"నేదు బాబూ. ఆ మనిసికి నాను బొండం సూపించను కూడా" అంది జగదాంబ.

"అందరూ ఇదే మాట. ఎంత చెప్పినా మీ తలకెక్కదు" అని అందరి ముందూ కసిరాడు. జగదాంబ తల దించుకుంది.

కొబ్బరినీళ్ళు నీకు విషమని ఇదే డాక్టరు పైడిరాజుకు చెబుతుంటే మాధవీలత అంతకుముందే కెమెరాలో తీసింది. ఎడిటింగులో మళ్ళీ మళ్ళీ చూసింది. కిటికీ వెలుతురు బాగుందని మురిసిపోయింది.

ఇప్పుడు ఊరుకుంటే ఎవరికీ తెలియదు. పైడిరాజు చెప్పడు. అలా ఆలోచించినందుకు తన మీద తనకే అసహ్యం వేసింది.

"నేనే తాగమన్నాను" అంది. "సినిమా కోసం."

డాక్టరు లోపలికి వెళ్ళాడు. జగదాంబ ఆమెవైపు తిరిగింది.

"అడిగితే ఆయనకి కాదనడం రాదమ్మా. నీకు తెలీదు గావాల" అంది. తిట్టినా బాగుండేది.

తెలుసు. తెలుసని చెప్పే ధైర్యం మాధవీలతకు లేకపోయింది.

సాయంత్రం డయాలసిస్ మిషను ఆపాక పైడిరాజు కళ్ళు తెరిచాడు. జగదాంబ మందులకు వెళ్ళింది. దూరంగా గోడకు ఆనుకున్న మాధవీలతను ఆయన చేత్తో పిలిచాడు. ఏ మాటైనా పడదామనే దగ్గరికి వెళ్ళింది.

"సరిగ్గా వొచ్చిందా అమ్మా?" అన్నాడు మెల్లగా. "రాపోతే సెప్పు. జగదాంబ లేనప్పుడు మళ్ళీ తాగుతాను."