ఫెబీ ఒప్పుకున్న తప్పు

పెద్దయ్యాక ఏమవుతారని టీచరు అడిగితే, ఐదో తరగతి పిల్లల్లో ఒకరు పోలీసు అన్నారు, ఒకరు నర్సు అన్నారు. ఫెబీ లేచి నిలబడి, "విలన్‌నైతా మేడం" అంది. క్లాసంతా గొల్లున నవ్వింది. ఫెబీ మాత్రం నవ్వలేదు. ఆ పిల్ల నిజంగానే అనుకుంటోంది.

అమ్మ ఫోనులో చూసే కార్టూన్లలో హీరోలంతా ఒక్క తీరుగానే ఉంటారని, ఉపాయాలన్నీ విలన్లకే వస్తాయని ఫెబీ అభిప్రాయం. అందుకే ఇంట్లో రోజుకో కుట్ర పన్నేది. నాయన హరిబాబు చెప్పు ఒకటి కోళ్ల గంప కింద దొరికేది. నాయనమ్మ గ్రేసమ్మ కళ్లద్దాలు బియ్యం డబ్బాలో తేలేవి. అందరూ వెతికి వెతికి అలిసిపోయాక, ఫెబీ తువ్వాలు భుజాలకు కట్టుకుని మంచమెక్కి, గొంతు లావు చేసి నవ్వేది. "ఈ ఇల్లు ఇంక నాది! అందరూ నాకు లొంగిపోండి!"

"లొంగిపోయినాం తల్లీ, నా అద్దాలియ్యి," అనేది గ్రేసమ్మ. ఫెబీ ఆమెను జేజీ అని పిలిచేది.

అమ్మ హన్నా కూలికి పోయి వచ్చిన అలసటలో కసురుకునేది గానీ, హరిబాబు పడీపడీ నవ్వేవాడు. నవ్వు చివర దగ్గు వచ్చేది. పెళ్లి కాకముందు నుంచీ అతను మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీలో కోత మిషన్ మీద పని చేస్తున్నాడు. రాతి దుమ్ము ఛాతీలో పేరుకుపోయిందని డాక్టరు చెప్పి, ఆయాసం వచ్చినప్పుడు పీల్చుకోమని నీలం రంగు ఇన్‌హేలర్ రాసిచ్చాడు. అది గూట్లో బైబిల్ పక్కన ఉండేది. దగ్గు ఎక్కువైతే ఫెబీయే పరిగెత్తి తెచ్చి నాయన చేతిలో పెట్టేది.

ఆ క్రిస్మస్‌కు చర్చిలో నాటకం వేస్తుంటే, ఆడపిల్లలంతా దేవదూతల రెక్కల కోసం కొట్లాడుకున్నారు. ఫెబీ పోయి, పసిబిడ్డల్ని చంపించిన హేరోదు రాజు వేషం అడిగింది.

"ఆడపిల్లవు, నీకు హేరోదు ఏందే?" అంది హన్నా.

"దేవదూతకు ఒక్క మాటే ఉందమ్మా. హేరోదుకు శానా ఉండాయి."

పాస్టరుగారు నవ్వి ఒప్పుకున్నారు. అట్ట కిరీటం పెట్టుకుని ఫెబీ అరిచిన అరుపుకు ముందు వరసలో చిన్నపిల్లలు ఇద్దరు ఏడ్చారు. అప్పటి నుంచి వీధిలో వాళ్లందరికీ ఆ పిల్ల పేరు విలనమ్మ.

ఈస్టరుకు ముందు వచ్చే ఉపవాసాల కాలం, శ్రమల దినాలు వచ్చాయి. ఒక్కో రోజు ఒక్కో ఇంట్లో సాయంత్రం ప్రార్థన కూటం. శనివారం హరిబాబు ఇంట్లో జరిగింది. మర్నాడు ఆదివారం పొద్దున, చర్చికి పోవడానికి అందరూ తయారవుతుండగా హరిబాబుకు ఆయాసం ఎత్తుకుంది. ముందు దగ్గాడు, తర్వాత దగ్గడానికి కూడా ఊపిరి చాల్లేదు. గోడ పట్టుకుని కూలబడి గూటివైపు చెయ్యి చూపించాడు.

గూట్లో బైబిల్ ఉంది, ఇన్‌హేలర్ లేదు.

హన్నా గూడంతా తడిమింది. దిండ్లు విసిరేసింది. అతని పెదాలు నల్లబడటం చూసి ఒక్కసారిగా ఫెబీ రెక్క పట్టుకుంది.

"యాడ దాచినావే?"

"నేను తీయలా అమ్మా."

"ఆటలు గాదే, మీ నాయన పోతాండాడు! యాడ పెట్టినావో చెప్పు!"

"దేవుని తోడు, నేను తీయలా!"

చెంప చెళ్లుమంది. అరుపులు విని పక్కింటి రాజ్ కుమార్ ఆటో తీసుకొచ్చాడు. హరిబాబును అందులో పడుకోబెట్టి, హన్నా అతని తల ఒళ్లో పెట్టుకుంది. ఆటో కదులుతుంటే ఆమె ఫెబీ వంక చూసిన చూపును వీధి వీధంతా చూసింది.

ఇంట్లో ఫెబీ, గ్రేసమ్మ మిగిలారు. ఫెబీ ఏడుస్తూనే వెతికింది. మంచం కింద, పొయ్యి వెనక, కోళ్ల గంప కింద వెతికింది. చివరికి గ్రేసమ్మ ట్రంకుపెట్టె తెరిచింది. పైన పాటల పుస్తకం, సూదిదారాల డబ్బా, పాత మందు సీసాలు ఉన్నాయి. వాటి మధ్య నీలంగా కనపడింది.

వెనక్కి తిరిగేసరికి గ్రేసమ్మ గుమ్మంలో నిలబడి ఉంది. ఆ పిల్ల చేతిలోది చూసి అట్లాగే గడప మీద కూలబడింది.

"నిన్న కూటానికి జనం వస్తారని గూడు సర్దినా," అంది. "అన్నీ పెట్టెలోకి తోసినా. బైబిలొకటే ఉంచినా. అది ఉండిందని నేను చూసుకోలా. వాడు చెయ్యి చూపిచ్చినప్పుడు గూడా నాకు గుర్తు రాలా తల్లీ."

పైటకొంగు నోట్లో కుక్కుకుంది. "వాడికేమన్నా అయితే నేను బతకను. మీ అమ్మ నా మొగం చూస్తాదా? నన్ను ఈ ఇంట్లో ఉండనిస్తాదా?"

ఫెబీ పోయి ఆమె పక్కన కూర్చుంది. జేజి అంతగా భయపడటం ఎప్పుడూ చూడలేదు.

"నేనే దాచినానని చెప్తాలే జేజీ," అంది. "ఎట్లాగూ అమ్మ అదే అనుకుంటాంది."

గ్రేసమ్మ ఆ పిల్ల మొహంలోకి చూసింది. వద్దు అనలేదు.

హరిబాబును మార్కాపురం నుంచి ఒంగోలు తీసుకుపోయారు. ప్రాణం దక్కింది గానీ మనిషి సగమై వచ్చాడు. ఇంక దుమ్ములో పని చేయకూడదన్నారు. నాలుగడుగులు వేస్తే కూర్చోవాల్సి వచ్చేది. ముందే మందు పీల్చి ఉంటే ఇంతదాకా వచ్చేది కాదని డాక్టరు అన్న మాట హన్నా ఇంటికి మోసుకొచ్చింది.

ఫెబీ తాను దాచానని చెప్పింది. హన్నా కొట్టలేదు, తిట్టలేదు. మాట్లాడటం మానేసింది. అన్నం పెట్టేది, జడ వేసేది, అంతే. వీధిలో తల్లులు తమ పిల్లల్ని లోపలికి పిలుచుకునేవాళ్లు. చర్చిలో చాప మీద ఫెబీ పక్కన ఎప్పుడూ కొంత ఖాళీ ఉండేది. విలనమ్మ అని ఇప్పుడు ఎవరూ పిలవడం లేదు.

ఒక సాయంత్రం రేకుల పంచలో కూర్చున్న హరిబాబు కూతుర్ని దగ్గరకు పిలిచాడు.

"చెప్పులు దాచినావు, అద్దాలు దాచినావు. అది ఎందుకు దాచినావు పాపా?"

ఫెబీ కాలి బొటనవేలితో నేల గీకుతూ నిలబడింది. లోపల గ్రేసమ్మ చాటలో బియ్యం ఏరుతోంది. చాట చప్పుడు ఆగిపోయింది.

"ఊరికే నాయనా," అంది ఫెబీ.

హరిబాబు మొహం పక్కకు తిప్పుకున్నాడు. చాట చప్పుడు మళ్లీ మొదలైంది.

ఆ రోజు నుంచి గ్రేసమ్మ తన కంచంలో గుడ్డు ఫెబీ కంచంలో వేయడం మొదలుపెట్టింది. ఫెబీ దాన్ని తినకుండా పక్కకు జరిపేది.

వేసవి సెలవులు అయిపోతుండగా హన్నా గిద్దలూరు హాస్టల్లో సీటు మాట్లాడి వచ్చింది. బట్టలు సర్దుతుంటే గ్రేసమ్మ అడ్డం వచ్చింది.

"పిల్లను పంపొద్దు హన్నా. ఇంత చిన్నపిల్ల యాడుంటాది?"

"నాకు భయమైతాంది అత్తా. నేను కూలికి పోతే ఇంట్లో ఆయన, నువ్వే గదా. ఇంకోసారి ఈ పిల్ల ఏం చేస్తాదో!"

కన్నతల్లి తన కూతురికి భయపడుతోంది. ఆ మాటకు గ్రేసమ్మ తట్టుకోలేకపోయింది. నేల మీద చతికిలబడి, గూడు సర్దిన దగ్గర్నుంచి అంతా చెప్పేసింది. "ఆ పిల్ల నన్ను కాపాడింది. నేను నోరు మూసుకుని కూచున్నా. దేవుడు గూడా నన్ను క్షమించడు," అని తల బాదుకుంది.

హన్నా చేతిలోని గౌను జారిపోయింది. అత్త వైపు చూసింది. తర్వాత ఫెబీ వైపు తిరిగింది.

"ఎందుకే చెప్పలా?"

"చెప్పినా," అంది ఫెబీ. "ఆ పొద్దే చెప్పినా, నేను తీయలా అని. దేవుని తోడు గూడా పెట్టినా. నువ్వు వినలా."

హన్నా కూతుర్ని దగ్గరకు లాక్కుని ఏడ్చింది. ఫెబీ కదలకుండా నిలబడింది.

గ్రేసమ్మను ఎవరూ ఇంట్లోంచి పొమ్మనలేదు. ఆ పూట ఆమె అన్నం ముట్టకపోతే హరిబాబే, "తిను అమ్మా," అన్నాడు. హన్నా బట్టలు మళ్లీ దండెం మీద వేయబోతే ఫెబీ ఆపింది.

"నేను పోతా అమ్మా, హాస్టల్‌కు."

"ఇంకెందుకే? వద్దు."

"పోతా."

ఎంత బతిమాలినా ఆ పిల్ల మాట మార్చలేదు.

సోమవారం పొద్దున బస్సు వేళకు ముందు ఫెబీ పంచలోకి వచ్చి నాయన పక్కన కూర్చుంది. అతను ఆ పిల్ల చెయ్యి తన రెండు చేతుల్లోకి తీసుకున్నాడు.

"నువ్వు దాచినావంటే నేనన్నా నమ్మకుండా ఉండాల్సింది," అన్నాడు. ఆ ఒక్క మాటకే ఆయాసపడ్డాడు.

ఫెబీ అతని ఛాతీకి చెవి ఆనించి, లోపల పిల్లికూతలు వింటూ కూర్చుంది. రోడ్డు మీద బస్సు హారన్ వినిపించాక లేచి, బ్యాగు భుజాన వేసుకుని, అమ్మ వెనక నడిచింది.