ఒంటి సీటు బండి

ఉప్పుడు బియ్యం మిల్లులో ఆవిరి గొట్టానికి మూడో అతుకు వేస్తుండగా ఫకీరా జేబులో ఫోను మోగింది. అతుకు మధ్యలో చెయ్యి ఎత్తే అలవాటు అతనికి లేదు. గోనె సంచి మీద మోకాళ్లు ఆనించి, ఊపిరి బిగబట్టి, గొట్టం చుట్టూ మంటను తిప్పుకొచ్చి గాని లేవలేదు. నలభై ఏళ్ల మనిషి. ముంజేతుల నిండా నిప్పురవ్వల తెల్లమచ్చలు. మిర్యాలగూడ మిల్లుల్లో ఆర్గాన్ వెల్డింగ్ అంటే అతన్నే పిలుస్తారు, పని కాగానే మరిచిపోతారు.

ఫోను మళ్లీ మోగింది.

"అన్నా, తులసీరాంను. మా బండి నీ షెడ్డు ముందట ఆగి ఉన్నది. జర జల్ది రా."

ఆ గొంతు వినగానే ఫకీరాకు నోరు చేదయింది. ఇద్దరిదీ గరిడేపల్లి దగ్గర ఒకే తండా. ఇద్దరూ సూర్యాపేటలో ఈదయ్య దగ్గరే పని నేర్చారు. పన్నెండేళ్ల కిందట రేసుకార్ల కంపెనీవాళ్లు మంచి చెయ్యి కావాలని వచ్చి, తులసీరాంను కోయంబత్తూరు తీసుకుపోయారు. ఇద్దరిలో వాణ్ణే ఎందుకు పంపావని ఫకీరా ఉస్తాద్‌ను ఎన్నడూ అడగలేదు. రెండేళ్ల కిందట ఈదయ్య పోయినప్పుడు, ఆ మాట కడుపులో పెట్టుకునే పాడె మోశాడు.

అడగకపోతేనేం, తెలియదా? తులసీరాంది తీపి నోరు. పైగా పనిదొంగ. ఈదయ్య షెడ్డులో ఒక పద్ధతి ఉండేది: లారీ చట్రం అతికినవాడు, లోడెత్తాక మొదటి ట్రిప్పు ఆ లారీలోనే కూర్చుని పోవాలి. అతుకు ఊడితే ముందు నీ నడుమే విరగాలి అనేవాడు ఈదయ్య. ఫకీరా ఒక్క ట్రిప్పు తప్పలేదు. తులసీరాంకు మాత్రం ట్రిప్పు రోజునే కడుపునొప్పి వచ్చేది.

ఈ సీజన్లో జరిగిన నాలుగు రేసులూ ఫకీరా ఫోనులో చూశాడు. తులసీరాం అతికిన కారు చక్రం ఊడాలని కోరుకుంటూ చూశాడు. ఆ కారు రెండు గెలిచింది. "మనోడే గద, గెలిస్తే నీకేం పోయింది?" అని భార్య సుకన్య అడిగితే, "ఏం పోలె" అని అన్నం ముందు నుంచి లేచిపోయాడు.

షెడ్డు ముందు పెద్ద కంటైనర్ లారీ ఆగి ఉంది. లోపల కారు. నేలకు జానెడెత్తులో పొడుగాటి ముక్కు, గీతల్లేని నున్నటి టైర్లు, నడుమ ఒక్క మనిషి దూరేంత గుంట. హైదరాబాదు నుంచి చెన్నైకి, ఆదివారం జరిగే ఆఖరి రేసుకు తీసుకుపోతున్నారు. వేములపల్లి దగ్గర మేకలు అడ్డం వస్తే డ్రైవరు బ్రేకు తొక్కాడు. కట్టిన తాళ్లు తెగి కారు కంటైనర్ గోడకు కొట్టుకుంది. ముందు ఎడమ చక్రాన్ని పట్టి ఉంచే ఉక్కు కడ్డీ వంగి విరిగింది. స్పేరు కడ్డీ పోయిన రేసులోనే వాడేశారు.

తులసీరాం వేసిన అతుకే ఊడి ఉంటుందని ఫకీరాకు లోపల సంబరమైంది. కాదేమోనన్న భయంతో దగ్గరికి పోయి చూడలేదు.

"అన్నా, బాగున్నవా?" అన్నాడు తులసీరాం తెలుగులో. తండావాళ్లు ఎదురుపడితే తమ లంబాడీ మాటే మాట్లాడుకుంటారు. వాడు పొట్ట పెంచాడు. కంపెనీ బొమ్మ ఉన్న చొక్కా వేసుకున్నాడు. కుడిచేతికి పట్టీ; తెగిన తాడు పట్టుకోబోతే అరచెయ్యి చీరుకుపోయింది.

పక్కనున్న అమ్మాయి పూర్ణిమ. కారు నమూనా గీసిన ఇంజినీరు.

"మాది కోదాడేనండి," అంది. "ఒక్కో రేసుకి కొంచెం కొంచెంగా బరువు తగ్గించుకుంటూ వచ్చాం. ఇప్పుడు ఆరు పాయింట్లు ముందున్నాం. మీరు లోహం ఎక్కువ పొయ్యకండి, ప్లీజ్."

లారీలకు అతుకు ఎంత దిట్టంగా వేస్తే అంత పేరు. ఇక్కడ బియ్యపుగింజంత ఎక్కువైనా ఈ పిల్ల ఏడ్చేలా ఉంది. ఫకీరా పని మొదలుపెట్టాడు. పూర్ణిమ గీసిన గీత దగ్గర కోసి, పాడైన ముక్కను చూడకుండానే బల్ల కిందికి తోసేశాడు. ఆమె ఇచ్చిన కొత్త గొట్టాన్ని ఆనించి బిగించాడు.

పైన గీత ముచ్చటగా కనబడుతూ, లోపల ఇనుము కలవకుండా వదిలేయడం ఎలాగో అతనికి తెలుసు. ఆదివారం టీవీలో చక్రం ఊడితే, కంపెనీవాళ్లు తులసీరాం మొహం చూస్తారు. ఆ ఆశ మంట వెలిగించేదాకా ఉంది. వెలిగించాక చెయ్యి దాని మాట వినలేదు. కారులో కూర్చునేవాడి ప్రాణం గుర్తొచ్చిందని కాదు. అంత మంచితనం ఆ పూట అతనిలో లేదు. చేతికి ఇంకో రకం పని రాదు, అంతే.

పూర్ణిమ భూతద్దంతో చూసి, తూకం వేసి నవ్వింది. "అచ్చం తులసీరాం గారు చేసినట్టే ఉంది."

అసూయ ఫకీరా చెవులదాకా పాకింది. కూలి ఇస్తుంటే, "గిది ఉండనీ, ఫస్ట్ ట్రిప్పు నేను రావాలె," అన్నాడు.

"అన్నా, ఒంటి సీటు బండి," అన్నాడు తులసీరాం నెమ్మదిగా. "ఎట్ల కూసుంటవ్? లారీల రా, వాడపల్లి బ్రిడ్జి దాక."

పూర్ణిమ వేరే కారులో ముందు పోయింది. లారీలో డ్రైవరు పక్కన ఇద్దరూ కూర్చున్నారు. కృష్ణా నది కనబడింది. ఎనకటిలెక్క ఒకే లారీలో భుజాలు తగులుతుంటే ఫకీరా ఆగలేకపోయాడు.

"ఆ దినం ఉస్తాద్ ఏమన్నడు రా, నిన్ను పంపేటప్పుడు?"

తులసీరాం పట్టీ సర్దుకున్నాడు. తర్వాత తండా మాటలో చెప్పాడు. "నన్ను పంపలె. ఫకీరాది మంచి చెయ్యి, వాణ్ణి తీస్కపోండ్రి అన్నడు. నువ్వు మేళ్లచెరువు సిమెంటు లారీల ఫస్ట్ ట్రిప్పు పోయినవ్. వాళ్లు సాయంత్రం దాక సూసిండ్రు. ఇగ ఉన్నోన్ని తీస్కపోయిండ్రు."

"పన్నెండేండ్లు చెప్పలె?"

"చెప్తే నువ్వొచ్చేటోనివి. వస్తే నేను మళ్ల తండాకు."

బ్రిడ్జి దగ్గర లారీ ఆగింది. ఫకీరా దిగాడు. తులసీరాం ఎడమచెయ్యి ఊపాడు. లారీ ఆంధ్రా వైపు సాగి, లారీల వరుసలో కలిసిపోయింది. తను వేసిన అతుకు నిలిచిందో లేదో తెలిసే దారి కూడా లేదు, కారు తాళ్ల మీద కదలకుండా పోతోంది గనక.

తిరుగు బస్సులో అతని మనసు పూనకం పట్టినట్టుంది. మంచి చెయ్యి నాది. ఉస్తాద్ నోటి మాట. ఆ చొక్కా నాది, ఆ కోయంబత్తూరు నాది. ఇరవై కిలోమీటర్లూ అదే లెక్క.

షెడ్డుకొచ్చి లైటు వేశాడు. బల్ల కింద నుంచి విరిగిన ముక్కను తీసి, ఇక ధైర్యంగా, దీపం కిందికి తెచ్చాడు. వేలితో తడిమాడు. చాలాసేపు తిప్పి తిప్పి చూశాడు. ఉస్తాద్ అన్నది అబద్ధం కాకపోవచ్చు. కానీ అది పన్నెండేళ్ల కిందటి మాట.

కడ్డీ నడుమ వంగింది, పక్కన చీలింది. తులసీరాం వేసిన అతుకు మీద మాత్రం గీత కూడా పడలేదు.