ముందు నడిచే వీపు

ఆ తెల్ల మాత్ర భోజనానికి ముందే పడాలి, తిన్నాక వేస్తే కడుపులో మంట అంటాడు, తినకముందు ఇస్తే ఇంతమందిలో నన్ను రోగిష్టివాణ్ణి చేస్తావా అని కసురుతాడు, ఏం చేసేది ఈ మనిషితో, ఏ స్తంభం చాటుకో లాక్కెళ్లి నోట్లో వెయ్యాలి, మందుల సంచీ నా మెడలోనే ఉంది, వేడినీళ్ల ఫ్లాస్కు నా భుజాన ఉంది, ఛాతీ పట్టేస్తే నాలుక కింద పెట్టుకునే గింజలు కూడా, సొరకాయ ఆకారపు బుల్లి పింగాణీ సీసాలో, అవీ నా దగ్గరే, వసంతంలో ఆయన గుండెకు స్టెంటు వేసిన డాక్టరమ్మ ఆ సీసాను నా అరచేతిలో పెట్టి పిడికిలి మూసింది, పెద్దమ్మా, ఇది మీ దగ్గరే ఉండాలి, ఈయన్ని చూస్తేనే తెలుస్తోంది, జేబులో వేసుకుని చొక్కాతోపాటు ఉతుక్కి వేసేస్తారు అంది, నవ్వాను గానీ ఆ రోజు నుంచి నిద్రలో కూడా సంచీ తడుముకుంటూనే ఉన్నాను, ఇప్పుడూ తడుముకుంటున్నాను, జనం తోస్తున్నారు, అదిగో ఎత్తు గడప, కాలెత్తు, గడప తొక్కితే ఇంటి యజమాని మెడ తొక్కినట్టే అనేది మా అత్త, ఇంత కోటకి యజమాని ఎవరో, ఆ రాజు ఎప్పుడు పోయాడో, అయినా తొక్కను, మా గైడు, లూ అనే పిల్ల, పొద్దున బస్సులో ఒకటే చెప్పింది, పసుపు జెండా, జెండా కొసన బాతు బొమ్మ, అమ్మల్లారా అయ్యల్లారా, ఈ బీజింగులో బాతు తప్పితే మీకింకో దిక్కు లేదు అని అందర్నీ నవ్వించింది, నాకు బాతుతో పనేంటి, నా ముందు ఆయన వీపు ఉంది కదా.

వీపు ఉంది, దానిమీద టూరు వాళ్లిచ్చిన ఎర్ర టోపీ ఉంది, వెనక్కి కట్టుకున్న చేతులున్నాయి, మా దాతోంగ్‌లో మగవాళ్లందరి నడకా ఇదే, చేతులు వెనక్కి కట్టుకుని మగవాడు ముందు, సంచులు మోసుకుంటూ ఆడది వెనక, పెళ్లయిన రోజు స్టేషను నుంచి ఇంజన్ల కార్ఖానా కాలనీ దాకా అలాగే నడిచాం, బొగ్గు మసి కలిసిన మంచులో ఆయన బూట్ల జాడల్లో నా బూట్లు పెట్టుకుంటూ వెళ్లాను, అప్పట్నుంచీ అంతే, ఆస్పత్రికైనా కూరల బజారుకైనా ఆ వీపు ఎటు తిరిగితే నేనటు, ఎడమ భుజం కొంచెం కిందికి, కార్ఖానాలో బరువు చైను లాగీ లాగీ, కాలరు దగ్గర చెమట మరక, ఇప్పుడు ఆ మరక కనిపించడం లేదు, ఉతికాను కాబోలు, ఎవరో గైడు మైకులో ఈ చలువరాయి మెట్ల మధ్య దారిలో రాజు పల్లకీ మాత్రమే పోయేది అని చెబుతున్నాడు, పల్లకీ వెనక రాణి నడిచిందా అని అడగాలనిపించి నాలో నేనే నవ్వుకున్నాను, నా ఫోను కూడా ఆయన జేబులోనే పెట్టాను, పొద్దున కోట ముందు చౌక్‌లో గుడ్డులాంటి ఆ గాజు నాటకశాల కనబడేలా ఆయన్ని ఫొటో తీసి, చేతులు ఖాళీ లేక ఆయనకే ఇచ్చాను, గుర్తింపు కార్డులూ ఆయన దగ్గరే, మందులు నా దగ్గర, సరిపోయింది, కాపురమంటే అదే కదా, ఇదిగో ఈ ఎర్ర స్తంభం పక్కన ఆగాడు, మంచిది, ఇక్కడే వేసేద్దాం, ఏమయ్యా, నోరు తెరు అంటూ మాత్ర చేత్తో పట్టుకుని ముందుకొచ్చాను, వీపు తిరిగింది, కీరదోసకాయ నములుతున్న ఎవరో ముసలాయన, నోట్లో ఒక పక్కన బంగారు పన్ను, నా చేతిలో మాత్రను చూసి, నాకెందుకమ్మా, నాకే జబ్బూ లేదే అన్నాడు.

మాత్ర పిడికిట్లో కరిగిపోతోంది, చుట్టూ చూశాను, ఎర్ర టోపీలు, ఎటు చూసినా ఎర్ర టోపీలు, ఈ ఊళ్లో ఇన్ని టూరు కంపెనీలుండి అందరికీ ఒకే రంగు టోపీయా, పసుపు జెండా ఉంది, కొసన బాతు లేదు, చేప బొమ్మ ఉంది, అయ్యో, ఎక్కడ తప్పాను, ఏ గడప దగ్గర, ఆ గడప మీద కాలు పెట్టకూడదని కిందికి చూశానే అక్కడే, తల ఎత్తగానే కనిపించిన వీపు పట్టుకుని వచ్చేశాను, వెనక్కి వెళ్లాలి, తిరిగాను, ఎదురుగా జనం వరద, గోడలా వస్తున్నారు, కాపలా కుర్రాడు చెయ్యి అడ్డం పెట్టాడు, పెద్దమ్మా, ఎటు పోతారు, కోటలో దారి ఒక్కటే, దక్షిణం నుంచి ఉత్తరానికి, వెనక్కి పోనివ్వం అన్నాడు, మా ఆయన వెనకున్నాడు బాబూ అన్నాను, అందరి మొగుళ్లూ ఇటే రావాలి పెద్దమ్మా, ఉత్తరం గేటు దగ్గర దొరుకుతాడు, పోండి పోండి అని నవ్వాడు, వాడి నవ్వు కాలా, వెనకున్నాడా ముందున్నాడా అన్నది కూడా తెలియదే నాకు, ముందు నుయ్యి వెనక గొయ్యి, భోజనం వేళ దగ్గర పడుతోంది, ఆయన నాకోసం అరుస్తూ ఉంటాడు, అరిస్తే రక్తపోటు ఎక్కుతుంది, ఎక్కితే ఛాతీ, ఛాతీ పట్టేస్తే సీసా, సీసా ఇక్కడ.

చేప జెండా వెంటే నడిచాను, ఇంకేం చెయ్యను, ఊరందరిదీ ఒక దారైతే ఉలిపికట్టెది ఇంకో దారా, నోరు విప్పి చెప్పాలి, చెప్పలేదు, ఒక ముంగిలి దాటాను, ఇంకోటి దాటాను, సిగ్గు, ఇంత వయసొచ్చి మొగుణ్ణి పోగొట్టుకున్నానని పరాయివాళ్లకు ఎలా చెబుతాం, పరువు పోదూ, అక్కడ ఆయన ప్రాణం పోతుంటే ఇక్కడ నాకు పరువు కావాలి, ఎంత పాడు మనసు, బంగారు పన్ను ముసలాయన నా పక్కనే నడుస్తున్నాడు, కీరదోస ముక్క విరిచి చేతిలో పెట్టాడు, తిను చెల్లెమ్మా, మొహం పాలిపోయింది, మీ ఆయన ఎక్కడ అన్నాడు, అంతే, కట్ట తెగింది, రాజుల తోటలో, అంత పాత సైప్రస్ చెట్టు కింద, అంతమంది ముందు భోరుమన్నాను, చేప జెండా గైడు కుర్రాడు నింగ్ పరిగెత్తుకొచ్చాడు, ఏడవకండి పెద్దమ్మా, మీకు నేనున్నానుగా, ఆయన ఫోను నంబరు చెప్పండి, నంబరు ఎవరికి గుర్తుంటుంది బాబూ, నా ఫోన్లో ముసలోడు అని నొక్కితే పలుకుతాడు, ఆ ఫోనూ ఆయన దగ్గరే అన్నాను, సరే మా గైడుల గ్రూపులో పెడతాను, ఎలా ఉంటారు ఆయన అని అడిగాడు, ఎలా ఉంటాడు, ఎడమ భుజం కిందికి ఉంటుంది, మెడ వెనక ఉలవగింజంత పుట్టుమచ్చ, చెవి వెనక మంగలి వాడి కత్తెర తగిలిన గాటు, చేతులు వెనక్కి, కుడి మడమ అరిగిన బూటు, నింగ్ రాయడం ఆపి నన్ను చూశాడు, పెద్దమ్మా, ఆయనకు మొహం లేదా అన్నాడు, అందరూ నవ్వారు, నేనూ నవ్వబోయాను, మొహం, కళ్లు మూసుకుని చూశాను, ముక్కు ఎలా ఉంటుంది, కనుబొమలు ఒత్తుగానా పల్చగానా, పొద్దున ఫొటో తీశానుగా, ఆ ఫొటోలో గాజు గుడ్డు మొత్తం వచ్చిందా లేదా అని చూశాను, ఆయన్ని చూడలేదు, దేవుడా, రేపు ఆస్పత్రిలో గుర్తుపట్టమంటే బోర్లా తిప్పమనాలా, ఛీ ఛీ, ఏం ఆలోచన ఇది, ఉమ్మెయ్యి.

నింగ్ ఫోను మోగింది, లూ పిల్ల, అమ్మయ్యా దొరికారా పెద్దమ్మా, ఇక్కడ తాత బస్సు కదలనివ్వడం లేదు, ఇక్కడ బస్సు ఆపనివ్వరంటే వినడు, మీరు నింగ్ బస్సులో వచ్చెయ్యండి, అందరం పక్షిగూడు స్టేడియం దగ్గర కలుద్దాం అని చెబుతుంటే వెనక నుంచి ఆయన అరుపు, అది నేను లేకుండా బస్సెక్కదు, దానికి ఎక్కడం రాదు, గేటు దగ్గర నిలబడి ఏడుస్తుంటుంది, మీరంతా అబద్ధాలు చెబుతున్నారు, ఏమయ్యా, ఛాతీ ఎలా ఉంది అని నేను ఫోన్లో అరిచాను, ఎక్కడ చచ్చావే అన్నాడు, ఆ మాట మధ్యలో ఊపిరి ఒక్కసారి ఆగింది, నేను విన్నాను, చచ్చా అని ఆగి వే అన్నాడు, ఫోను కట్టయింది, మళ్లీ చెయ్యి బాబూ, చేశాడు, ఎత్తలేదు, మళ్లీ, ఎత్తలేదు, లూ చేతులు ఖాళీ ఉండవు పెద్దమ్మా, జనాన్ని ఎక్కిస్తుంటుంది అన్నాడు నింగ్, నన్ను తన బస్సెక్కించాడు, బస్సు కదిలింది, ఆ మధ్యలో ఎందుకు ఆగింది ఊపిరి, నడిచి వచ్చినందుకా, కోపానికా, మైకులో నింగ్ ఇటు చూడండి పాత డోలు గోపురం, అటు చూడండి ఒలింపిక్స్ కోసం వేసిన రోడ్డు, ఎవరు చూస్తారు, అద్దాల మేడలు ఒకదాని వెనక ఒకటి వెళ్లిపోతున్నాయి, ఏ మేడలోనైనా ఒక డాక్టరు ఉండడా, పక్కన ఆస్పత్రి తెల్లబండి కూత వేసుకుంటూ దాటిపోయింది, మేం పోయే వైపే, బాబూ డ్రైవరూ దాని వెనకే పోనివ్వు అన్నాను, అన్నానా అనుకున్నానా, ఎవరూ తిరిగి చూడలేదు, బంగారు పన్నాయన మాత్రం, చెల్లెమ్మా, అరిచేవాడికి ఏమీ కాదు, నోరు మూసుకున్నవాడి గురించి భయపడాలి అన్నాడు, ఆ మాట పట్టుకుని కూచున్నాను, అరిచాడు, అరిచాడు కదా, అరిచాడు.

పక్షిగూడు అంటే ఏదో అనుకున్నాను, ఇనుము, ఆకాశం దాకా అల్లేసిన ఇనుము, దాని కింద జనం, జనం మీద ఎర్ర టోపీలు, దిగుతూనే పరిగెత్తాను, పెద్దమ్మా పడతారు అంటున్నాడు నింగ్, చేతులు వెనక్కి కట్టుకున్న వీపులు ఎన్నో, ఒకటి ఎడమకు వాలింది, వెళ్లి చూస్తే ఎవరో, ఇంకొకటి మెడ మీద మచ్చ, చూస్తే చెమటకి అంటుకున్న ఆకు, లూ పిల్ల ఎదురొచ్చింది, ఏడుపు మొహం, పెద్దమ్మా, బస్సు దిగి ఇలా తిరిగానో లేదో తాత లేడు, భోజనం పొట్లం సీటు మీదే పెట్టి వెళ్లిపోయాడు, ఫోను ఎత్తడం లేదు, ఫ్లాస్కు జారి సిమెంటు మీద పడింది, వంగి తీస్తుంటే వినిపించింది, మా దాతోంగ్ యాస, ఈ ఊళ్లో ఎవరికీ ఉండని ఆ బండ గొంతు, గేటు దగ్గర సంచులు తనిఖీ చేసే చోట, అది తప్పిపోయింది తల్లీ, నీ మైకు పెట్టెలో పలికించు, ఊరంతా వినేలా పలికించు.

వెనక నుంచే చూశాను, ఎడమ భుజం, అరిగిన మడమ, ఆయనే, కానీ చేతులు వెనక లేవు, గాల్లో ఆడుతున్నాయి, కుడి చెయ్యి మధ్యమధ్య ఛాతీ మీదికి పోతోంది, కాపలా పిల్ల మైకు పట్టుకుని, తాతా కంగారు పడకండి, మీ ఆవిడ ఎలా ఉంటుందో చెప్పండి, చెప్తేగా పలికించేది అంటోంది, ఆయన వెంటనే చెప్పాడు, తడుముకోలేదు, పొట్టి, గుండ్రటి మొహం, రెండు జడలు, నల్లటి జడలు, ఇదిగో ఇక్కడిదాకా అని నడుం మీద చెయ్యి పెట్టుకుని చూపించాడు, ఆ పిల్ల నవ్వింది, తాతా, నేనడిగింది మీ మనవరాలి గురించి కాదు, మీ ఆవిడ గురించి, మా ఆవిడే అంటున్నానుగా, రెండు జడలు, నడిచేటప్పుడు ఒకటి ముందుకు వేసుకుంటుంది అన్నాడు, కోపంగా అన్నాడు, నా చెయ్యి నా తల మీదికి పోయింది, పొట్టి జుట్టు, చెవుల దాకా కత్తిరించినది, మొత్తం నెరిసినది, పిల్లవాడు పుట్టిన చలికాలం తల స్నానానికి వేడినీళ్లు దొరక్క కాలనీ మంగలి దగ్గర కోయించేశాను, ఇంటికొస్తే ఏమంటాడో అని రోజంతా వణికాను, ఏమీ అనలేదు, అన్నం తిని పడుకున్నాడు, పట్టించుకోలేదని గోడవైపు తిరిగి ఏడ్చాను, పట్టించుకోకపోవడం కాదు, చూడలేదు, ఆ మంచులో ఆ స్టేషను నుంచి ముందు నడిచిన మనిషి ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు, తిరగాల్సిన అవసరం లేదనుకున్నాడు, ఆ జడల పిల్ల వెనకే వస్తోందనుకున్నాడు, ఇవాళ ఆ పిల్ల కోసం ఊరిని నిలబెట్టి అడుగుతున్నాడు, గుండె పట్టుకుని అడుగుతున్నాడు.

అలవాటుగా వెనకే నిలబడ్డాను, ఒక్క క్షణం, తరవాత చుట్టూ తిరిగి ఎదురుగా వెళ్లాను, ఇలా ఎదురుగా నిలబడటం నాకు చేతకాలేదు, సంచీ ఎక్కడ పట్టుకోవాలో కూడా తెలియలేదు, ఆయన నన్ను దాటి వెనక జనాన్ని చూశాడు, మళ్లీ నన్ను చూశాడు, చూస్తూనే ఉన్నాడు, ముక్కు ఎత్తుగా ఉంది, కనుబొమలు దాదాపు రాలిపోయాయి, కళ్ల కింద తడి, భయపడిన మొహం, ఇదా ఈయన మొహం, ఇన్నేళ్లూ ఈ మొహం పెట్టుకునే నా ముందు నడిచాడా, ఈ పెద్దమ్మేనా తాతా అంది కాపలా పిల్ల, ఆయన నోరు తెరిచాడు, నీ జుట్టు అన్నాడు, ఆగిపోయాడు, ఏమయ్యా, నోరు అలాగే ఉంచు, నాలుక ఎత్తు అన్నాను, సీసా వంచి గింజలు నాలుక కింద వేశాను, ఆయన గడ్డం నా చేతిలో వణుకుతోంది, ఆయన కళ్లు నా జుట్టు మీదే ఉన్నాయి, నా కళ్లు ఆయన మొహం మీద ఉన్నాయి, లూ పిల్ల చప్పట్లు కొట్టి, దొరికారు దొరికారు, పొద్దున్నే కోటలో తప్పిపోయి ఇక్కడ దొరికారు అని ఫోన్లో అందరికీ చెబుతోంది, మేం తప్పిపోయింది పొద్దున కోటలో కాదమ్మా.