పిలుపును ఎత్తుకుపోయిన గాలి

దయామణిని సమాధి చేసిన పదో రోజున మిషన్ బడి పంతులు జీవానందం వాళ్ళ ఇంటికి వచ్చాడు. ఆషాఢమాసపు పడమటి గాలి నల్లమల దిగి, పలకల గనుల దుమ్మునంతా ఊళ్ళోకి తెచ్చి పోస్తున్న రోజులవి. దయామణి తండ్రి జ్ఞానయ్య తలుపు దగ్గరగా వేసుకుని, గోడకు ఆనుకుని దగ్గుతూ కూర్చున్నాడు. ముప్పై ఏళ్ళు మార్కాపురం గనుల్లో రాయి తీసిన మనిషి. ఆ దుమ్మంతా రొమ్ములో పేరుకుపోయింది. ముందు పోవలసింది తను. కానీ పంతులమ్మ ఉద్యోగం చేస్తున్న ఇరవై నాలుగేళ్ళ బిడ్డకు క్షయ పట్టుకుంది. ఏడాది తిరక్కుండానే పోయింది.

జీవానందం రెండు నోటుపుస్తకాలు చాప మీద పెట్టాడు.

“దయామణి బడి పెట్టెలో దొరికినాయి మామా. నీలం అట్టది పిల్లలకంట. ఈ నల్లట్టది పెద్దోళ్ళకని పైన రాసి పెట్టుకుంది. నల్లది నేనింకా చదవలేదు గానీ, రెండిట్లోనూ గాలి కథలే ఉన్నట్టున్నాయి.”

“గాలి గురించి రాసేదేముంది పంతులూ? కనపడేదా, పట్టుకునేదా?”

“అందుకే పిల్లలకు అంత ఇష్టం. బడి వదిలినా ఇంటికి పోకుండా కూర్చుని వినేటోళ్ళు. అచ్చేయించాలని ఆమె ఆశ. సంఘపెద్దలు ఒప్పుకున్నారు. గుంటూరులో ఒక అచ్చాపీసు వాళ్ళూ సరేనన్నారు. నువ్వొక మాట చెప్పాల.”

“ముందు నాకు వినిపించు.”

జ్ఞానయ్యకు చదువు రాదు. వేలకొద్దీ పలకలకు రాయి తీసి ఇచ్చాడు గానీ ఒక్కదాని మీదా అక్షరం దిద్దలేదు.

జీవానందం నీలం అట్ట పుస్తకం తెరిచి చదవసాగాడు. ఒక కథలో అడవి నుంచి ఇప్పపూల వాసన మోసుకొచ్చిన పిల్లగాలి, దారిలో అడిగినవాళ్ళకల్లా పంచిపెట్టి, కొనకనమిట్ల చేరేసరికి ఉత్త చేతులతో నిలబడుతుంది. ఇంకో కథలో జొన్నలు తూర్పారబట్టడానికి చేటలెత్తి నిలుచున్న ఆడవాళ్ళు గాలిని బతిమాలుతుంటారు. అదేమో కురిచేడు స్టేషను దగ్గర రైలుతో పందెం వేసి, ఓడిపోయి, మూతి ముడుచుకుని కూర్చుంటుంది. అక్కడ జ్ఞానయ్య నవ్వాడు. కూతురు పోయాక అదే మొదటి నవ్వు. అది సగంలోనే దగ్గయి, చాలాసేపు వదల్లేదు.

మూడో కథ పేరు ‘పిలుపును ఎత్తుకుపోయిన గాలి’.

అందులో ఒక చిన్నపిల్ల. వాళ్ళమ్మకు కాన్పు కష్టమైతే, ఆ పిల్ల గని ఒడ్డుకు పరిగెత్తి “నాయనా” అని పిలుస్తుంది. కొంటెగాలి ఆ పిలుపును మధ్యలోనే తన్నుకుపోయి, కొండల మధ్య ఎగరేసుకుంటూ ఆడుకుంటుంది. పిలుపు నాయనకు చేరదు. అమ్మ చనిపోతుంది. చేసిన పని తెలిసిన గాలి ఏడాదంతా ఆ గుడిసె చుట్టూ ఏడుస్తూ తిరుగుతుంది. చివరికి పిల్ల తలుపు తీసి, “ఏడవకు. లోపలికి రా. అన్నం తిందువు” అంటుంది.

జీవానందం కండువాతో కళ్ళు తుడుచుకున్నాడు. “ఇది మీ ఇంట్లో జరిగిందే గదా మామా. దయామణి పిన్ని మగ్దలీనమ్మ చెప్పింది.”

జ్ఞానయ్య తల ఊపాడు.

జరిగింది అది కాదు. పన్నెండేళ్ళ కింద, భార్య దీనమ్మకు నెలలు నిండినప్పుడు, ఒకనాడు నొప్పులొచ్చాయంటే అతను పని వదిలి ఇంటికి పరిగెత్తాడు. అవి ఉత్తుత్తి నొప్పులు. మర్నాడు మేస్త్రి నలుగురిలో, “పెండ్లాం మూలిగినప్పుడల్లా పోయేటోడివి, చీర కట్టుకుని ఇంట్లోనే కూర్చోరాదా” అన్నాడు. అందరూ నవ్వారు. ఆ నవ్వు అతని చెవుల్లో ఉండిపోయింది. నాలుగు రోజులకు, నలుగురు కలిసి పెద్ద బండను లేపుతుండగా, ఒడ్డు మీది నుంచి దయామణి గొంతు వినపడింది. అతను తల ఎత్తాడు కూడా. పక్కవాడు ఓరగా చూశాడు. ఈ బండ లేచినాక పోదాంలే అనుకుని మళ్ళీ గడ్డపార మీదికి వంగాడు. బిడ్డ మూడుసార్లు పిలిచి వెళ్ళిపోయింది. ఆసుపత్రికి బండి కట్టించే మగదిక్కు లేక ఆడవాళ్ళు ఎదురుచూస్తూ కూర్చున్నారు. పొద్దువాలి అతను ఇల్లు చేరేసరికి దీనమ్మా లేదు, పుట్టిన బిడ్డా లేడు.

వాకిట్లో నిలబడ్డ కూతురితో అతను అన్న మొదటి మాట, “వినపడలేదమ్మా. గాలి హోరు” అని.

పన్నెండేళ్ళ పిల్ల అతని ముఖంలోకి చూసింది. “ఔ నాయనా, గాలి” అంది.

ఆ తర్వాత ఆ మాట వాళ్ళిద్దరి మధ్యా రాలేదు. దీనమ్మ చెల్లెలు మగ్దలీనమ్మ మాత్రం పెద్ద గాలి లేచినప్పుడల్లా మెటికలు విరిచి తిట్టేది. అతను పక్కనే కూర్చుని వినేవాడు.

“ఆ నల్లట్టది గూడ చదువు పంతులూ.”

జీవానందం మొదటి పుట తీశాడు. పెదవులు కదిలాయి, ఆగిపోయాయి. పుస్తకం మూసి జ్ఞానయ్య చేతిలో పెట్టాడు.

“ఇది అచ్చుకు కాదులే మామా. నీ దగ్గరే ఉండనీ.”

“ఏం రాసింది?”

“నేను చదివి వినిపించేది కాదది.” జీవానందం లేచి నిలబడ్డాడు.

“అట్లయితే నాకే చదువు నేర్పు.”

అట్లా ఏభై రెండేళ్ళ జ్ఞానయ్య, ఆదివారం ఆరాధన అయ్యాక, బడి అరుగు మీద పలక పట్టుకుని కూర్చున్నాడు. గడ్డపారకు అలవాటు పడ్డ వేళ్ళలో బలపాలు పుటుక్కున విరిగేవి. ‘అ’ కుదరడానికే రెండు వారాలు పట్టింది. దగ్గు వచ్చిన వారం వెనకటి అక్షరాలు మరిచిపోయేవాడు. క్రిస్మస్ నాటికి నీలం అట్ట పుస్తకం అచ్చయి వచ్చింది. పిల్లలు దాన్ని గుడిలో పోటీపడి చదివారు. ముందు వరసలో కూర్చున్న మగ్దలీనమ్మ మూడో కథకు వెక్కి వెక్కి ఏడ్చింది. జ్ఞానయ్య తల వంచుకున్నాడు. అక్కడ ఉండలేకపోయాడు, లేచిపోనూ లేకపోయాడు.

ఒత్తులు పట్టుబడేసరికి ఎండాకాలం వచ్చింది. ఒక మధ్యాహ్నం, ఇంటి వెనక నీడలో, అతను నల్లట్ట పుస్తకం తెరిచి వేలు పెట్టి కూడబలుక్కున్నాడు.

‘ఆ దినం గాలి లేదు. వేపాకు కూడా కదల్లేదు. నేను పిలిచినాను. నాయన తల ఎత్తి చూసి, మళ్ళీ వంచుకున్నాడు. ఇంటికి వచ్చి గాలి అన్నాడు. ఆయన ముఖం చూసి నాకు భయమైంది. గాలి లేదంటే ఆయన గూడ చచ్చిపోతాడనిపించింది. అందుకే ఔనన్నాను. నాకు మిగిలింది ఆయనొక్కడే.’

ఒక్కొక్క మాటా రెండుసార్లు చదివితే గాని నమ్మకం కుదరలేదు. పన్నెండేళ్ళు తనకు జొన్నరొట్టె కాల్చి పెట్టిన పిల్ల, దగ్గు వస్తే వీపు రాసిన పిల్ల, ఇది కడుపులో పెట్టుకునే అవన్నీ చేసింది. తప్పయిందమ్మా అని అనడానికి ఇప్పుడు మనిషి లేదు.

అతను పుస్తకం పట్టుకుని నేరుగా మగ్దలీనమ్మ ఇంటికి పోయాడు. ఆమె చెరుగుతున్న చేట కింద పెట్టింది.

“మగ్దలీనా, ఆ దినం నాకు వినపడింది.”

“ఏ దినం బావా?”

“మీ అక్క పోయిన దినం. పాప పిలిచింది నాకు వినపడింది. నేనే రాలేదు.”

ఆమె లేచి నిలబడింది. “ఇన్నేండ్లు నన్ను గాలిని తిట్టనిచ్చినావు గదా,” అంది. తర్వాత లోపలికి పోయి తలుపు వేసుకుంది.

మూడు నెలలు ఆమె అతనితో మాట్లాడలేదు. గుడిలో ఎదురైతే ముఖం తిప్పుకుంది. జీవానందం వచ్చి, మళ్ళీ అచ్చేసేటప్పుడు మూడో కథ తీసేద్దామా అని అడిగాడు. “పిల్లలకు అట్లనే ఉండనీ పంతులూ. దాని రాత మీద చెయ్యి పెట్టే హక్కు నాకు లేదు” అన్నాడు జ్ఞానయ్య.

వానలు మొదలయ్యేసరికి అతను మంచాన పడ్డాడు. ఒక సాయంత్రం మగ్దలీనమ్మ గంజి గిన్నెతో వచ్చి, దాన్ని మంచం పక్కన పెట్టి, గడప మీద కూర్చుంది. కొంతసేపటికి ఆమే అడిగింది.

“ఆ పుస్తకంలో మా అక్కను గురించి ఇంకేమన్నా రాసిందా?”

జ్ఞానయ్య దిండు కింద నుంచి పుస్తకం తీసి, వెలుతురుకు తిప్పి పట్టుకున్నాడు.

“‘ఒకసారి... అమ్మ ఆరేసిన... పచ్చచీరను గాలి ఎత్తుకుపోయింది. అమ్మ చేనికి అడ్డంబడి దాని వెంట పరిగెత్తింది. నేను అమ్మ వెంట పరిగెత్తినాను. అమ్మ నవ్వీ నవ్వీ గట్టు మీద కూలబడింది...’”

“ఆ చీర నాది,” అంది మగ్దలీనమ్మ. “పెండ్లికి పోవాలని అడిగి తీసుకపోయింది. అంచు చించుకొచ్చిందని నేను నాలుగు దినాలు మాట్లాడలేదు.” కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. కాసేపటికి, “ఊఁ, చదువు బావా,” అంది.

తర్వాతి మాటలో ఒత్తు దగ్గర అతను తడబడ్డాడు. అదేమిటో చెప్పడానికి ఆమెకూ చదువు రాదు. అతను మళ్ళీ మొదటి నుంచి కూడబలుక్కున్నాడు. ఆమె గడప మీదనే కూర్చుని ఎదురుచూసింది.