ధనంజయ సారు మోకాలు

ధనంజయ సారు వచ్చి నా బల్ల మీద కాళ్లు చాపి పడుకున్న రోజే నా కడుపు చల్లబడింది. కొత్తగా మార్చిన కుడి మోకాలు కట్టెలా బిగుసుకుపోయి ఉంది. దాన్ని వంచాల్సింది నేను. చిత్తూరులో ఇంతమంది ఫిజియోథెరపిస్టులుండగా ఆయన నా దగ్గరికే రావాలా!

నేనెవరో ఆయనకు తెలియదు. బంగారుపాళ్యం మామిడి గుజ్జు ఫ్యాక్టరీలో ఆయన సూపర్‌వైజరు. మా అమ్మ గ్రేసీ అక్కడ కాయలు కోసేది. సీజన్ మొదలైతే పొద్దున్నుంచి తడి గచ్చు మీద నిలబడే పని. ఒకసారి కాళ్ల నొప్పులు తట్టుకోలేక ఖాళీ క్రేటు బోర్లించి కూర్చుంటే, ఆయన వచ్చి దాన్ని కాలితో తన్నాడు. అమ్మ గచ్చు మీద పడింది. "కూసుంటే చెయ్యి నిదానమైపోతాది. గంట కొట్టలేదు ఇంకా, లెయ్యి" అన్నాడట. ఈ చదువు ఎందుకు చదివావని ఎవరైనా అడిగితే సేవ చేయడానికని చెబుతాను. అబద్ధం. అమ్మ మోకాళ్లను ఏది తినేసిందో తెలుసుకోవాలని చదివాను.

తెలుసుకున్నాను. మోకాలి దగ్గర రెండెముకలు ఒకదాన్నొకటి రాసుకోకుండా వాటి చివర్లలో నున్నటి పొర ఉంటుంది. దానికి రక్తనాళాలు లేవు. కీలు ఆడుతూ ఉంటేనే దానికి తిండి అందుతుంది. ఏళ్ల తరబడి మనిషిని కదలనివ్వకుండా నిలబెట్టి బరువు మోయిస్తే అది అరిగిపోతుంది, మళ్లీ పెరగదు. అమ్మకు చివరికి రెండు మోకాళ్లూ మార్చారు.

ఆపరేషన్ తర్వాత అసలు పని మాది. గాయం మానేటప్పుడు కీలు లోపల కొత్త కండ పట్టి అంటుకుపోతుంది. అందుకే తొలి వారాల్లోనే నొప్పి పుట్టినా వంచాలి. జాలిపడి వదిలేస్తే ఆ మోకాలు ఇక సరిగ్గా వంగదు. అమ్మ చీర కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. నేనూ ఏడుస్తూనే వంచాను.

కాబట్టి ధనంజయ సారుకు ఏం చేయాలో నాకు బాగా తెలుసు. ఏమీ చేయకూడదు.

ఆయన "అబ్బా" అంటే చాలు, చేతులు తీసేసేదాన్ని. "నొప్పిగా ఉందా సార్? పోనీలెండి, ఇవాళ్టికి చాలు" అని ఐసు పెట్టేదాన్ని. ఆయన పొంగిపోయేవాడు. "నీది వెన్న లాంటి చెయ్యి పాపా. ఆసుపత్రిలో ఉండే అబ్బాయి నా ప్రాణం తీసినాడు" అనేవాడు. పలమనేరు నుంచి చూడవచ్చిన బంధువులకు కూడా నా గురించి గొప్పగా చెప్పాడు. నేను నవ్వేదాన్ని. ఈ మనిషి ఇక జన్మలో కుదురుగా కూర్చోకూడదు, ఒక్క బస్సు మెట్టు ఎక్కకూడదు అని లోపల కోరుకునేదాన్ని. కోరుకోవడమేమిటి, నా చేతులతోనే చేస్తున్నాను.

ఆ సోమవారం ఆయన ముఖం వేలాడేసుకుని వచ్చాడు. "డాక్టరు తిట్టినాడు పాపా. ఈ వారంలో వంగకపోతే ఇంగ కష్టమంట."

సరిగ్గా అప్పుడే అమ్మ వచ్చింది. తన మోకాళ్లు చూపించుకోవడానికి అప్పుడప్పుడూ బస్సులో వస్తుంది. గుమ్మంలోనే ఆయన్ని గుర్తుపట్టి ఆగిపోయింది. ఆయన మాత్రం గుర్తుపట్టలేదు. ఎంతమందిని నిలబెట్టాడో, అందులో ఎవరని గుర్తుంటుంది!

"నీకూ ఈ పాపేనామ్మా? శానా మంచిది. నొప్పంటే ఇడిసేస్తాది" అన్నాడు.

అమ్మ నా వైపు చూసింది. "నేను మొత్తుకున్యా ఇడవలేదు సార్ నన్ను."

నేను తల దించుకోలేదు. అమ్మకు అంతా అర్థమైంది. మూలనున్న స్టూలు లాక్కుని, రెండు మోకాళ్లూ చక్కగా వంచి, ఆయన కాళ్ల దగ్గర కూర్చుంది.

"వంచు" అంది.

"నువ్వూరుకో అమ్మా. ఈయన నిన్ను..."

"నాకు తెలీదా? ఈయప్ప కుంటోడైతే ఊరంతా జాలి పడతాది. రేపు నేను కూడా జాలి పడాల్సొస్తాది. నా వల్ల కాదు. వంచు మే, ఈడ కూసోని సూస్తా."

ఆయన మోచేతుల మీద లేచాడు. "ఎవురమ్మా నువ్వు?"

"గ్రేసీని సార్. మీరు తన్నిన క్రేటు మీద కూసోనుండింది నేనే."

ఆయన ముఖంలో రక్తం లేదు. కావాలంటే లేచి వెళ్లిపోవచ్చు. కానీ ఎక్కడికి వెళ్తాడు, డాక్టరు చెప్పిన వారంలో ఎన్ని రోజులున్నాయని?

"వంచమంటారా సార్? ఈసారి నిజంగా నొప్పి పుడుతుంది" అన్నాను.

బల్ల అంచులు పట్టుకుని తలూపాడు.

మడమ ఒక చేత్తో, మోకాలు ఇంకో చేత్తో పట్టుకుని వంచాను. లోపల బిగుసుకున్నది కొద్దికొద్దిగా సడలడం నా అరచేతికి తెలుస్తోంది. ఆయన అరుపుకు బయట కూర్చున్నవాళ్లు లేచి నిలబడ్డారు. ఎన్నేళ్లుగా వినాలనుకున్న అరుపు! ఒళ్లంతా హాయిగా ఉంది.

"ఆపు పాపా! సాలు, ఆపు!"

నేను అమ్మ వైపు చూశాను. అమ్మ స్టూలు మీద ఇంకొంచెం ముందుకు జరిగింది.

"గంట కొట్టలేదు సార్ ఇంకా" అంది.

నేను ఇంకొంచెం వంచాను.