కాంతమణి చదువుకునే గంట

బీరకాయ చెక్కు తీస్తూనే కాంతమణి ఎడమచేతి వేలితో ఫోన్‌లో పేజీ తిప్పింది. కథలో పడవ మునిగేలా ఉంది, ఇప్పుడు పొయ్యి మీది పప్పు సంగతి ఎవరికి కావాలి?

పెళ్లయిన కొత్తలో ఆమె చేతిలో కథల పుస్తకం కనబడితే చాలు, "పనీపాటా లేదా?" అనేవాడు భర్త జకర్యా. ఇరవై రెండేళ్లు మళ్లీ ముట్టుకోలేదు. మూడు నెలల క్రితం కూతురు షెకీనా, "ఇక్కడ పుస్తకాలన్నీ ఫ్రీ అమ్మా," అని ఓ సైటు తెరిచి ఇచ్చింది. మొదట్లో విందులో కూర్చున్న చిన్నపిల్లలా అన్నీ వడ్డించుకుంది. వంద దింపుకుని, ఒక్కోటీ నాలుగు పేజీలు కొరికి వదిలేసింది. తర్వాత ఆకలి కుదురుకుంది. ఒకటి పట్టుకుంటే చివరిదాకా వదిలేది కాదు. అల్వాల్‌లోని తమ రెండు గదుల ఇంట్లోంచే ఎక్కడెక్కడికో వెళ్లొచ్చేది.

ఒక సాయంత్రం ఫోన్ చూస్తూ కళ్లు తుడుచుకుంటున్న భార్యను చూసి, బైబిలు వాక్యం చదువుతోందనుకున్నాడు జకర్యా. ఆ పూట మంచినీళ్లు తనే ముంచుకున్నాడు. కాంతమణి కాదనలేదు. తెల్లవారగానే చదివేది వాక్యమే, సాయంత్రాలు మాత్రం కథలు. 'ప్రభువా, నీ పేరు అడ్డం పెట్టుకుంటే తప్ప నాకో గంట దొరకదా?' అని ప్రార్థనలోనే అడిగింది. నిజం చెబితే ఆ గంటా పోతుంది.

ఇంటింటా వంతులవారీగా పెట్టుకునే కాటేజ్ ప్రేయర్ ఆ శుక్రవారం వాళ్లింట్లోనే. చాపల మీద పదిహేనుమంది కూర్చున్నారు.

"మా మణి మూడు నెలల్నించి ఫోన్‌లో వాక్యం వదలట్లేదు అయ్యగారూ. కూర మాడినా లేవదు," అన్నాడు జకర్యా గర్వంగా.

"అయితే ఈరోజు కీర్తన ఆమే చదవాలి," అన్నారు పాస్టరుగారు.

కంగారులో ఫోన్ తెరిస్తే సగంలో ఆపిన నవలే వచ్చింది. పక్కింటి దేవకృప తొంగిచూసింది. "ఇదేం కీర్తన వదినా, ఇందులో పోలీసులున్నారు?"

ఎవరో కిసుక్కుమన్నారు. పొరపాటున వచ్చిందంటే సరిపోతుంది, గంట మిగులుతుంది.

"ఇది నవల అయ్యగారూ. సాయంత్రాలు నేను చదివేది ఇవే. పద్దెనిమిది అయ్యాయి, ఇది పంతొమ్మిదోది," అంది కాంతమణి. ఆ అంకె చెప్పేటప్పుడు ఎందుకో నవ్వొచ్చింది.

"పరువు తీశావు మణీ," అన్నాడు జకర్యా నెమ్మదిగా.

ఆమె కీర్తన తెరిచి, తడబడకుండా చదివింది. ఆమేన్ కాగానే దేవకృప ఆమె పక్కకి జరిగింది. "ఆ సైటు పేరేంటి వదినా? నాకూ పెట్టవా." ఇంకో ముగ్గురు ఫోన్లు తీశారు.

జకర్యా గొంతు సవరించుకున్నాడు. "మణీ, టీ."

"ఫ్లాస్కులో ఉందండీ. మీరే పోసి ఇవ్వండి," అంది కాంతమణి తలెత్తకుండా, "మేం చదువుకుంటున్నాం."