కోడలి దూప

తాండూరులో భీమమ్మకు ఉన్న గొప్ప ఒక్కటే. ఆరుగురిని కని, ఆరుగురినీ తన పాలతోనే పెంచింది. ఆమె ఇంట్లో ఏ పసిపిల్ల నోటికీ పాలసీసా తగిలిన పాపాన పోలేదు. వాడలో ఎవరు ప్రసవించినా పిలవకుండానే వెళ్లి, ఎల్లిపాయ కారం ఎట్లా నూరాలో, మెంతులు ఎట్లా వేయించాలో చెప్పి, చివరికి వేలెత్తి హెచ్చరించేది.

"బాలింతను నీళ్లు మాత్రం తాగనియ్యకుండ్రి. పిల్లకు జలుబైతది."

ఆమెకు ఎదురు చెప్పే ధైర్యం ఎవరికుంటుంది?

అట్లాంటి భీమమ్మ ఇంట్లోనే పాలు తగ్గాయి. కోడలు శాంతవ్వ పిల్లకు మూడో నెల నిండగానే యాలాల్ దారిలోని కంది చేలకు కోతకు పోసాగింది. పిల్లను అత్తకు అప్పజెప్పి పొద్దున్నే వెళితే పొద్దుగూకాకే రావడం. మొదట్లో రొమ్ములు బరువెక్కి, రవిక తడిసి, ఇంటికి పరుగున వచ్చేది. రానురాను ఆ బరువే లేకుండా పోయింది. పిల్ల కాసేపు చీకి, వదిలేసి, గుక్కపెట్టి ఏడ్చేది.

భీమమ్మ కోడలి తిండిలో మెంతులు పెంచింది. పచ్చి బొప్పాయి కూర వండింది. ఎల్లిపాయ కారం కలిపి దగ్గర కూర్చుని ముద్దలు తినిపించింది. ఆపైన చిన్న గ్లాసెడు గోరువెచ్చని నీళ్లు, అంతే. శాంతవ్వ పెదవులు ఎండి పగిలినా కిక్కురుమనలేదు.

ఒక సాయంత్రం కొడుకు దేవప్ప బండల గనినుంచి వస్తూ పాలపొడి డబ్బా, సీసా తెచ్చి గూట్లో పెట్టాడు.

"ఏందిరా గది?"

"పిల్ల ఎండిపోతున్నదే అవ్వా. ఆదివారం దాక చూస్త. నీ గొప్ప కన్న నాకు నా బిడ్డ ఎక్కువ."

భీమమ్మకు తల కొట్టేసినట్టయింది.

మర్నాడు పొద్దున ఆమె పెరట్లో ఈనిన మేక ముందు బకెట్ నిండా నీళ్లు పెట్టింది. అది గటగటా తాగి మూతి ఎత్తితే మళ్లీ నింపింది. "తాగవే తల్లీ, నీళ్లు లేంది పాలెట్లొస్తయ్?" అంటూ మేకపిల్లలను విప్పి పొదుగు దగ్గరికి వదిలింది. పిల్లలను పొద్దంతా దూరంగా కట్టేస్తే పొదుగు ఎండుతుందని ఆమెకు ఒకరు చెప్పనక్కర్లేదు.

గుమ్మంలో కొడవలి పట్టుకుని నిలబడ్డ శాంతవ్వ ఆ బకెట్ కేసే చూస్తూ గుటక వేసింది.

"అత్తా, మేకపిల్లలకు జలుబు గాదా?"

అందులో ఎగతాళి లేదు, వట్టి దూప, గొంతెండిన దాహమే. భీమమ్మ చెయ్యి బకెట్ మీదే ఆగిపోయింది. మేక మీద చూపిన తెలివి కోడలి మీద చూపలేదే అని సిగ్గు ముంచుకొచ్చింది. అంతకన్నా పెద్ద సిగ్గు వెనకాలే వచ్చింది. తన అత్త పెట్టిన కట్టడినే తాను వాడంతా చెప్పుకుంటూ వచ్చింది. ఆ అత్త నిద్రపోయేదాకా చూసి, కుండలో ముంచుకుని కడుపునిండా తాగిన సంగతి మాత్రం సుబ్బరంగా మరిచిపోయింది!

ఆ పూట శాంతవ్వ ఒంటరిగా చేనుకు పోలేదు. వెనకే భీమమ్మ, నెత్తిన నీళ్ల కుండ, చంకలో మనుమరాలు. కోతకొచ్చిన ఆడవాళ్లంతా కొడవళ్లు ఆపి చూశారు. అందరిలోకీ నోరున్న పద్మమ్మ ఊరుకుంటుందా?

"గా నీళ్లెవరికి భీమవ్వా?"

"బాలింతకు."

"నీళ్లు వద్దని మా అందరి గొంతులు ఎండబెడ్తివి గద!"

"పెట్టిన. తప్పు చెప్పిన. నేను మా అత్తకు తెల్వకుంట తాగి నా పిల్లలను సాదుకున్న. నా కోడలు మాత్రం అందరి ముందల తాగుతది."

చేనంతా గొల్లున నవ్వింది. భీమమ్మ తల మాత్రం దించలేదు. శాంతవ్వ చెంబెత్తి గటగటా తాగి, గట్టు మీద కూర్చుని పిల్లను రొమ్ముకు వేసుకుంది. అంతమందిలో అత్త తన కోసం తప్పు ఒప్పుకుందని ఆమె కళ్లు చెమర్చాయి.

పాలు ఒక్కరోజులో రాలేదు. పిల్ల ఏడ్చినప్పుడల్లా భీమమ్మ కోత ఆపించి కోడలిని గట్టు మీద కూర్చోబెట్టింది, కూలీల మేస్త్రీ గొణిగితే వాడి నోరు మూయించింది. శనివారం మధ్యాహ్నం పిల్ల తాగుతూ తాగుతూనే నిద్రపోయింది. పెదవి చివర నుంచి పాలు కారి మెడ దాకా వచ్చాయి. శాంతవ్వ రవిక రెండో వైపు తడిసింది.

"చూడుండ్రే!" అని చేనంతా వినబడేట్టు అరిచింది భీమమ్మ.

గూట్లో డబ్బా మూత తీయకుండానే దేవప్ప బజారుకు తిరిగి పట్టుకుపోయాడు. ఆ తర్వాత కూడా భీమమ్మ బాలింతల ఇళ్లకు పిలవకుండానే వెళ్లింది. వెళ్లగానే చెంబెడు నీళ్లు ముంచి చేతికిచ్చేది. గొప్పలూ మానలేదు. కాకపోతే తన ఆరుగురి మాట ఎత్తడం మానేసి, "మా శాంతవ్వ ఉన్నది సూడు..." అని మొదలుపెట్టేది.